లెక్కలో ఒకటి తక్కువ

బియ్యంలో రాళ్లు ఏరిన చేతులే ఇవి.
ఇక్కడ పని తిరగబడింది:
గింజంతా పారబోసి, రాయిని దాచాలి.

కౌన్సిల్ బ్లఫ్స్ మ్యూజియం నేలమాళిగలో
మంగళవారాలు, రాత్రి డ్యూటీ దిగి
మందుల షాపు కోటుతోనే వచ్చి కూర్చుంటాను.
అయిదేసి చొప్పున మాత్రలు లెక్కపెట్టిన వేళ్లు
తడి కుంచె కొనతో
నత్తగుల్లల్ని ఒక్కొక్కటే లేపుతాయి.
నువ్వుగింజలో సగం, ఒక్కోటి.

ఈ ఊరి కొండలు కొండలు కావు, పిండి.
ఉత్తరాన మంచు విసుర్రాయిలా తిరిగి
బండల్ని నూరింది.
నది దాన్ని ఒడ్డున ఆరబోసింది.
గాలి చేట పట్టింది.
కురిసింది పిండి, నత్తల మీద,
ఏ ఒక్క రోజూ తెలియనంత నెమ్మదిగా.
పరుగెత్తలేని వాటికి
తొందరలేని చావు

అని నేనంటే మార్లిస్ ఒప్పుకోదు.
"చావేంటి? కాపురం.
దుమ్ము పడేది, గడ్డి పైకొచ్చేది, ఇవీ పైకొచ్చేవి.
వేలెడు మట్టిలో ఎన్ని తరాలో చూడు."
నలభై ఏళ్లు స్కూలు బస్సు నడిపిన మనిషి.
రోడ్డు కోసం కొండని కోసిన చోట టైరు పేలిన రోజున
మెకానిక్ కోసం ఎదురుచూస్తూ
మట్టిగోడలోంచి గోటితో మొదటిది తీసిందట.
ముప్ఫైమంది పిల్లలు
కిటికీలకు ముక్కులు ఆనించి చూశారట.

దీనికింకా పేరు లేదు.
లేబుల్ మీద ఒక అంకె, ఒక లోతు, రోడ్డు పేరు.
"మీ భాషలో రాసి చూపించు" అందోసారి.
నత్తగుల్ల అని పెన్సిల్‌తో రాశాను.
కళ్లజోడు నుదుటి మీదికి తోసి
"ఇవన్నీ నత్తలేగా" అంది.
కింద సున్నం అని కూడా రాశాను,
వాటి ఇల్లు దేనితో కట్టిందో చెప్పడానికి.
ఆ మాట చివర మిగిలేదీ సున్నే.

మా తాతమ్మ తమలపాకుకి రాసుకున్నది గుల్లసున్నం.
కాల్చిన నత్తలతో పండిన నోరు.
ఆ సంగతి చెబితే
మార్లిస్ కాఫీ కప్పు కింద పెట్టింది.

పోయిన మంగళవారం తుమ్మాను.
ఒంటి తుమ్ము.
ట్రేలో ముప్ఫై ఏడు ఉండేవి.
ముప్ఫై ఆరు ఉన్నాయి.

తుమ్మితే చిరంజీవ అంటారు మావాళ్లు.
నన్నా, దాన్నా?

ఇద్దరం మోకాళ్ల మీద, ఫోన్ లైట్లతో.
ఆమె కుడి మోకాలు స్టీలుది, వద్దన్నా దిగింది.
స్టేపిల్ పిన్ను దొరికింది.
ఎండిన సాలీడు.
గచ్చు బీటలో ఏనాటిదో చొక్కా గుండీ.
మంచుకీ గాలికీ చివరికి బుల్డోజరుకీ నిలిచింది
నా ముక్కు దగ్గర ఓడిపోయింది.

"చచ్చిపోయిందనుకున్న ఇంకో రకం
రాష్ట్రం ఆ చివర, చల్లటి బండల సందులో
బతికే కనిపించింది కదా?" అన్నాను, బట్టలు దులుపుకుంటూ.
"అవును."
"మరి మనది?"
"మనది కాదు."

రిజిస్టరులో రబ్బరు పెట్టబోతే చెయ్యి పట్టుకుంది.
"తుడవకు. కొట్టెయ్.
ఉండేదని తెలియాలి."
ముప్ఫై ఏడు మీద గీత గీసి
పక్కన ముప్ఫై ఆరు వేశాను.
నా పొడి అక్షరాలు కింద,
రెండు చిన్న నత్తలు.

ఇంటికొచ్చి స్వెట్టరు బకెట్లో జాడించి
ఆ నీళ్లన్నీ టీ వడపోసే జల్లెడలోంచి వంపాను.
అడుగున ఒకటి, గుండ్రంగా.
ఊపిరి బిగబట్టి లైటు కిందికి తెచ్చాను.

ఆవగింజ.
ఆదివారం పులిహోర పోపులోది.

పారెయ్యబుద్ధి కాలేదు.
కాగితం మడిచి పొట్లం కట్టి
పైన తేదీ వేశాను.